లేమిగడ్డ

సైన్సు నోటుబుక్కు చివరి పేజీలో
మా సుభాషిణి ఒక జీవిని గీసింది.
కళ్ళు లేవు. చెవులు మర్చిపోయిందేమో అనుకున్నా.
మర్చిపోలేదంట.
మెడ వెనక, పుర్రె దిగే చోట
చామదుంపంత గడ్డ ఒకటి పెట్టి
దానికి వేళ్ళలాగా నరాలు దించింది.

"ఇంకో గ్రహం వాళ్ళకుండి మనకి లేని అవయవం
ఆలోచించుకు రమ్మన్నారు మాస్టారు.
గడ్డయితే వచ్చింది బాబాయ్,
అదేం చేస్తదో రాలా."

చీమకుర్తిలో కరెంటు పోయిన రాత్రి.
పాలిషింగ్ మిషన్లన్నీ ఒక్కసారి ఆగితే
ఊరి మీంచి ఎవరో దుప్పటి లాగేసినట్టుంటది.
క్వారీలో బ్లాకుల మీద ఎర్ర పెయింటుతో
నంబర్లు వేసేవాణ్ణి నేను.
పొడవూ వెడల్పూ ఎత్తూ,
ఉన్నదాన్ని కొలిస్తేనే నాకు బువ్వ.
అందుకేనేమో
నోటికి ఎదురుమాట వచ్చింది:
"అది లేనిదాన్ని చూస్తదమ్మా."

ఆ పిల్ల రాసుకుని నిద్రపోయింది.
నన్ను మాత్రం ఆ మాట వదల్లా.

గాలి మనకెంతో
కొండా లారీ మనిషీ దానికంతే.
మధ్యలోంచి నడిచి పోతది.
పోయిన చోటే గట్టిగా తగులుతది దానికి.
ఊడిన పన్ను సందు లాంతరులా వెలుగుతది.
తిని కడిగేసిన కంచమే
నిండా వడ్డించిన కంచం.

అట్టాంటిది ఒకటి
రామతీర్థం అవతల దిగిందనుకో.
నల్లరాతిలో చుక్కలున్నాయని
గెలాక్సీ అని పేరు పెట్టి
కృష్ణపట్నం రేవులో ఓడలెక్కిస్తామా,
చుక్కల్లోంచి వచ్చిన మనిషి
ఆ చుక్కల వంక చూడనైనా చూడడు.
నేరుగా వచ్చి గుంత అంచున నిలబడతాడు.

మనకది గుంత.
మెట్లు మెట్లుగా లోతు, అడుగున పచ్చనీళ్ళు,
అగ్గిపెట్టెంత టిప్పరు.
దానికేమో
తల పైకెత్తినా కొస అందని కొండ.
నేను నంబరేసి పంపిన బ్లాకు ప్రతి ఒక్కటీ
ఏ దేశంలో ఎవరి వంటింటి గట్టయిందో గానీ
ఇక్కడ మాత్రం అంచు చెదరకుండా
తన చోట్లో తానుంది.
నా లెక్కల పుస్తకం తప్పయినా
దాని లెక్క తప్పదు.

అక్కణ్ణించి అది టీకొట్టు కాడికి వస్తది.
వస్తదని నాకెందుకో గట్టిగా తెలుసు.
బల్ల మీద మాలకొండయ్య కూచోనుంటాడు.
చిన్న సుత్తితో రాతిని తట్టి
టంగుమంటే మంచిదనీ
టక్కుమంటే లోపల బీట ఉందనీ
చెప్పిన మనిషి.
ముందు డ్రిల్లు ఎడమ చెవిని తినింది,
తర్వాత కుడి చెవిని.
ఇప్పుడు గ్లాసు బల్ల మీద పెట్టినప్పుడల్లా
చప్పుడైందో లేదోనని
ఎదుటివాడి మొహం చూస్తాడు.

ఆ రెండు చెవుల్లో
ఇరవై రెండేళ్ళ టంగులూ టక్కులూ
దానికి కనపడతయ్.
గుంతను చూసినంతసేపు చూస్తది.
మాలకొండయ్యకి ఏం తెలిసిద్దో ఏమో,
తువ్వాలు భుజానికి లాక్కుని
కాస్త జరుగుతాడు.
బల్ల మీద జానెడు ఖాళీ.

ఈ నేల మీద దానికి
ఒకరు చేతులారా ఇచ్చింది
అదొక్కటే.

తెల్లారి జడలేసుకుంటూ అడిగింది సుభాషిణి,
"మరి మనింట్లో దానికేం కనపడతది?"
మా వదిన కుట్టుమిషను ఉండే మూల వైపు
ఇద్దరం ఒక్కసారే చూసి
ఒక్కసారే చూపు తిప్పుకున్నాం.
"రిబ్బను సరిగ్గా కట్టుకో" అన్నా.

సాయంత్రం నోటుబుక్కు తెచ్చి చూపించింది.
పదికి ఏడు.
బొమ్మకి భాగాల పేర్లు రాయలేదని
ఎర్ర సిరాతో మాస్టారి మాట.
నాకు మనసు చివుక్కుమంది.
తను మాత్రం సంచీ కొక్కేనికి తగిలించి
బిందె తీసుకుని కుళాయికి పోతా అంది:

"పోనీలే బాబాయ్,
ఆ మూడూ దానికి కనపడతయ్‌గా."