కొస పట్టి తిప్పితే

సిరొంచలో మా బడి గోడకు సున్నం రెండు పొరలు.
కింది పొరలోని తెలుగు ఒత్తులు
వాన పడ్డనాడు మాత్రం పైకి తేలుతాయి.

బోర్డు మీద మరాఠీలో రాస్తాను: సమాంతర్.
నోటితో తెలుగులో చెప్తాను: సమాంతరం.
చివరి సున్న ఒక్కటే తేడా.
ఆ సున్నలోంచి తలలు బయటికి పెట్టి
ముప్పై ఇద్దరు పిల్లలు నన్ను చూస్తుంటారు.

ఇవాళ సమాంతరాక్ష సిద్ధాంతం.
ప్రయోగశాల తాళంచెవి గుమాస్తా జేబులో
గడ్చిరోలి పోయింది, సోమవారం దాకా రాదు.
"మా బాపు గెడ తేనా సార్?" అన్నాడు జాడి సడవలి.

ప్రాణహిత మీద వంతెన లేచినప్పటి నుంచి
ఆ గెడ వాళ్ళ దొడ్లో బీరతీగను మోస్తోంది.
తీగ విడదీసి, భుజాన వేసుకుని వచ్చాడు.
పద్నాలుగడుగుల వెదురు.
అరచేతులు పట్టిన మేర
ఎద్దు కొమ్ములా నున్నగా మెరుస్తోంది.

వాకిట్లో అందరం దూరం జరిగాం.
నడుమ పట్టి తిప్పాడు, గిర్రున తిరిగింది.
కొస పట్టుకో అన్నాను.
పళ్ళు బిగించి సగం చుట్టు తిప్పేసరికి
మెడ నరాలు తేలాయి.
"గదే గెడ గద సార్! బరువెట్ల పెరిగింది?"

బరువు పెరగలేదురా.
ఇరుసు జరిగింది.
నట్టనడిమి ఇరుసు నుంచి నువ్వు పట్టిన ఇరుసు దాకా
ఎంత దూరమో కొలువు.
ఆ దూరాన్ని దానితోనే హెచ్చవేయి,
మొత్తం బరువుతో ఇంకోసారి హెచ్చవేయి,
మొదటి మొరాయింపుకు కలుపు.
పన్నెండో వంతుకు పావు వంతు కలిస్తే మూడో వంతు.
అంటే నాలుగింతలు.
ఇరుసులు రెండూ సమాంతరంగా ఉంటేనే సుమా,
వంకరపోతే వేరే లెక్క.

గోమాస రాజుబాయి లేచి గెడ ముట్టలేదు.
అరుగు మీద కూర్చుని నోట్సు వెనక పేజీలో
ఏదో గీకుతోంది. వంగి చూశాను.

అమ్మ పింఛను.
పేరు ఎల్లవ్వ, కాగితంలో ఎలాబాయి.
సిరొంచ నుంచి గడ్చిరోలి రెండు వందల కిలోమీటర్లు.
మూడుసార్లు పోయింది, రెండుసార్లు సాహెబ్ లేడు.
సిరొంచ నుంచి ముంబై వెయ్యి దాటి.
దాని కింద చిన్నచిన్న అక్షరాలతో:
వర్గం చెయ్యాల్నా సార్?

సిలబస్‌లో లేదు అన్నాను.
అబద్ధం.
పావుగంట కింద నేనే చెప్పాను.

నది అవతల మా మేనమామల ఊళ్ళు.
అక్కడి బస్సు హారన్ ఇక్కడికి వినపడుతుంది.
కానీ దగ్గరున్నదల్లా ఇరుసు కాదు.

ఇంతలో కేక. సడవలి ఊరుకోలేదు,
కొస పట్టుకునే తిప్పుతున్నాడు,
ఇప్పుడు గెడ వాణ్ణి తిప్పుతోంది.
"ఆపరా!"
"ఆగుతలేదు సార్!"
ఆడపిల్లలు అరుగెక్కారు.
ఇంకో రెండు చుట్లు తిరిగి
నీళ్ళ డ్రమ్మును దొర్లించి, నోటీసు బోర్డుకు తగిలి
దాని అద్దం పగలగొట్టి ఆగింది.
వాడు కింద కూలబడి నవ్వుతున్నాడు,
అరచేతుల్లో వెదురు పేళ్ళు.

తిప్పడానికి నాలుగింతలైతే
ఆ వేగంలో ఆపడానికీ నాలుగింతలే.
ఈ మాట చెప్పడం మర్చిపోయాను.
రాజుబాయి రాసుకుంది, నేను చెప్పకముందే.

సాయంత్రం గెడ మళ్ళీ బీరతీగ కిందికి పోయింది.
అద్దం డబ్బులు నా జీతంలోంచి.

వారం తర్వాత పరీక్ష పేపర్లు, అంతా మరాఠీ.
రాజుబాయి లెక్క సరిగ్గా చేసింది.
సమాంతర్ అని రాసి
ఆఖరి 'ర' నెత్తిన ఒక చుక్క పెట్టింది,
అక్కడ ఉండకూడని చుక్క, మన సున్నంత చుక్క.
తప్పు కొట్టాలి.
ఎర్ర కలం కొస పట్టుకుని చాలాసేపు కూర్చున్నాను.
చెయ్యి తిరగలేదు.