ఆకుల పద్దు

పగలు నేను పురుగుల్ని చంపే సీసాలకి బిల్లు రాస్తాను.
పట్నంబజారు సందులో, సాంబిరెడ్డి గారి కొట్లో,
పదకొండేళ్లుగా.
రైతు ఒక మిరపాకు తెచ్చి బల్ల మీద పెడతాడు,
చెవి మడిచినట్టు ముడుచుకున్న ఆకు.
"ఏం కొట్టమంటావయ్యా?"
వెనక్కి చూడకుండా చెయ్యి చాపుతాను.
సీసా ఎప్పుడూ అక్కడే ఉంటుంది.

సాయంత్రం పాత గుంటూరులో, మస్తానమ్మ గారి డాబా మీద
పురుగుల్ని పెంచుతాను.

కొట్లో ఎవరికీ చెప్పలేదు.
చెబితే షావుకారు నవ్వి నవ్వి దగ్గుతాడు.

మొదట్లో పూలు చాలనుకున్నా.
నూరువరహాలు, బంతి,
కడియం లారీలో వచ్చిన ఎర్ర పెంటాస్.
సీతాకోకచిలుకలు వచ్చాయి,
నిలబడి టీ తాగినట్టు తాగి పోయాయి.
కింద వాటాలో నాగూర్‌బీ, ఏడో తరగతి,
మెట్ల మీద కూర్చుని తేల్చేసింది:
"పూలు పెడితే చుట్టాలొస్తారంకుల్.
ఆకు పెడితే కాపురం పెడతారు."

అప్పుడు తెచ్చా నిమ్మ. రెండు కరివేపాకు.
ఏటుకూరు రోడ్డు పక్కన పీకిన జిల్లేడు.
కొంపలో జిల్లేడేందని
మస్తానమ్మ గారు మూడ్రోజులు మాట్లాడలేదు.
నిమ్మకి బియ్యం కడుగునీళ్లు,
కరివేపాకుకి పులిసిన మజ్జిగ,
జిల్లేడుకి ఏమీ వద్దు, దానికి మనమే వద్దు.
యార్డు వైపు నుంచి గాలి తిరిగిన రోజు
మిరపఘాటుకి నేను తుమ్ముతుంటే
కొమ్మలు కూడా తుమ్మినట్టే ఊగేవి.

జులైలో మొదటి గుడ్డు.
లేత చిగురు అంచున,
అంకెల మధ్య దశాంశ చుక్కంత.

నాలుగో రోజు పిట్టరెట్ట.
గోటితో గీకబోయా.
కదిలింది.

ఏడింటిని లెక్కపెట్టా, పాత బిల్లుపుస్తకం వెనక రాసుకున్నా.
ఎన్ని ఆకులు తిన్నదీ, ఏ కుండీలో, ఏ తారీఖు.

ఆ వారమే కొట్లో డబ్బా ఒకటి కారింది.
తుడిచింది నేనే.
ఇంటికొచ్చి అదే చేత్తో ఆకులు తిప్పి చూశా,
ఎంత పెరిగాయోనని.
తెల్లారి ఏడూ కుండీ మట్టిలో,
నల్లబడి, కామాల్లా.
"ఏమైందంకుల్?" అంది నాగూర్‌బీ.
ఎండ, అన్నాను.
అప్పుడు వాన పడుతోంది.
ఆ పిల్ల వానను చూసింది, నన్ను చూసింది,
ఇంకేమీ అడగలేదు.

ఇప్పుడు మెట్ల కింద పంపు దగ్గర
మోచేతుల దాకా మూడుసార్లు సబ్బు.
చొక్కా విప్పి తీగ మీద వేసి
తర్వాతే డాబా.
"ఏందయ్యా ఈ మడి?" అంటారు మస్తానమ్మ గారు.
నిన్న ఆమె చారులో కరివేపాకు లేదు.
మొక్క మోడు.
"తిననీలే, ఎదిగే పిల్లల కంచం దగ్గర లెక్కలేంటి,"
అని, ఇంగువ ఎక్కువేశారు.

గోడవారన ఒకటి గూడు కట్టింది.
నడుముకి ఒకే ఒక్క నూలుపోగు,
స్తంభమెక్కిన లైన్‌మ్యాన్ లా వెనక్కి వాలి.
ఇంకోదాంట్లోంచి రెక్కలు రాలేదు,
చిన్న కందిరీగ వచ్చింది.
దాన్నీ పద్దులో రాశా,
ఎవరి ఖాతాయో తెలీక మధ్యలో.

ఇవాళ పెదనందిపాడు నుంచి ఒకాయన
నిమ్మరెమ్మ తెచ్చి బల్ల మీద పెట్టాడు.
దాని మీద అదే, ఆకుపచ్చగా, బతికి.
"ఏం కొట్టమంటావయ్యా?"
పిల్ల పెళ్లి చేసినంత అప్పుంది ఆ తోట మీద, అన్నాడు.
నా చెయ్యి వెనక్కి వెళ్లింది.
సీసా అక్కడే ఉంది.
మూడొందల నలభై, బిల్లు రాశా.

ఆయన వెళ్లాడు. రెమ్మ మిగిలింది.
చేత్తో తాకలేదు.
బిల్లుకాగితంతో ఎత్తబోతే
తలలోంచి రెండు ఎర్రకొమ్ములు చాపి
నన్ను బెదిరించింది.
సరైన మనిషినే.

క్యారియర్ పైగిన్నె కడిగి, తుడిచి, మళ్లీ కడిగి
అందులో పెట్టా. మూత వారగా.
కొట్టు కట్టేసే దాకా
బల్ల కింద ఎవరో ఆకు నములుతూనే ఉన్నారు.