ఐత్వం

మిర్చియార్డు గేటు దగ్గర
లూధియానా లారీకి చీటీ రాస్తూ
'నిర్వీర్ సింగ్' అని పెట్టాను.
హమాలీ వీరాస్వామి తొంగిచూసి
"ఆరడుగుల మనిషిని నిర్వీర్యుణ్ణి చేశావేందయ్యా!" అన్నాడు.

డ్రైవరుకు తెలుగు రాదు. నవ్వు అర్థమైంది.
ముక్కుకు అడ్డంగా కట్టుకున్న గుడ్డ దించి
తుమ్ముకీ తుమ్ముకీ మధ్య
వచ్చీరాని మన హిందీకి సరిపడా చెప్పాడు:
పుట్టిన పదమూడో రోజు
గురుద్వారాలో గ్రంథం తెరిస్తే
మొదటి అక్షరం 'న' వచ్చిందట.
నానమ్మ దాన్ని పట్టుకుని
తెల్లారుజామున రోజూ చదివే తొలి మాటల్లోంచి
ఈ పేరు ఏరిందట.
ఎవరితోనూ వైర్ లేనివాడు.
ఆడపిల్లకైనా ఇదే పేరట, చివర కౌర్ అంటే చాలునట.

వైరం.
మన మాటే.
రోజూ నోట్లో నానేదే.

గుడిదీర్ఘం కొట్టేసి
ఐత్వం పెట్టాను, కలం నొక్కి.
మూడో కార్బన్ కాపీ దాకా దిగింది.

టిక్కీలన్నీ ఎక్కాయి. పట్టా కట్టారు.
లారీ చిలకలూరిపేట రోడ్డెక్కాక కూడా
కళ్లు మండుతూనే ఉన్నాయి, ఘాటుకే.

పక్క కాటా శోభనాద్రికీ నాకూ
మూడు నెలలుగా మాటల్లేవు.
ఫ్యాను
ఇంకా అతని వైపే.