పది పైసల మంచు

చెంగల్రాయులు మామ పేరు తెర మీద పడేటప్పటికి
జనం ఇంకా బయట
సైకిళ్ళకు తాళాలు వేస్తా ఉండేవాళ్ళు.
పదకొండు గంటల ఆట.
తువాలు తలకు కప్పుకొని లోపలికి,
కప్పుకొనే బయటికి.

మద్రాసు నుంచి రాత్రి బస్సులో
టమాటాల గంప కింద వచ్చేది ఫిల్ము.
పెద్ద సినిమాలవాళ్ళు వాడి వదిలేసిన తోకముక్కలు,
ఒక్కోటి నూటిరవై అడుగులు.
నిమిషమ్మీద ఇరవై సెకన్లు.
అందులోనే పాము పగ, దయ్యం, స్నానం.
పీలేరు నూనె మిల్లాయనకు, అదే నిర్మాతకు,
మూడోదే కావల్ల.
"ఇంకొంచెం తెల్లంగా కనపడాలబ్బా!"

లైట్లు యాడివి?
జీపు దీపాలకు నీలం కాయితం చుడితే వెన్నెల.
సిగరెట్ పెట్టెల తళుకు అట్టకంటిస్తే
మధ్యాహ్నం.
తలకోన నీళ్ళ కింద పళ్ళు కరుచుకొని వణికేది సెల్వి,
పుత్తూరు మగ్గాల కాడినుంచి వచ్చింది,
అప్పటికే ఒక బిడ్డ తల్లి.
దర్శకుడు కట్ అనడు.
మామే కెమెరా ఆపేసి
"ఫిల్మయిపోయింది సార్" అనేవాడు.
అయిపోయేది కాదు.

అట్ట దాచిన నలభై అడుగులతో
ఒక తెల్లవారుజామున, కైగల్ దారిలో,
మంచును తీసినాడు.
ఉత్త మంచు. ఇరవై ఏడు సెకన్లు.
దయ్యం వచ్చే ముందర అతికించినారు దాన్ని.
ఆపరేటరు మస్తాను రెండో రోజే కోసేసినాడు.
"కుర్చీలు ఇరగ్గొడతా ఉండారు సార్."

ఆ ముక్కలు హాలు వెనక బడ్డీకొట్టులో,
బిస్కెట్ల సీసా పక్కన.
పది పైసలకు నాలుగు బొమ్మలు.
నాకు కత్తి పట్టుకున్న హీరో కావాల.
ఎండకు పెట్టి చూస్తే ఏమీలేదు,
తెల్లంగా, ఏమీలేదు.
మార్చమని ఏడిస్తే బడ్డీ ఆయమ్మ మార్చలా.
లెక్కల పుస్తకంలో పెట్టి మర్చిపోయినా.

నిన్న బ్యాంకు ఫోటో కోసం
గ్రీమ్స్‌పేటలో ఆయన స్టూడియోకు పోయినా.
గొడుగు లైటు ఆర్పేసినాడు.
గడ్డం కింద ఒక వేలుపెట్టి
నా మొగాన్ని కిటికీ తట్టు తిప్పినాడు.
"ఉండు. ఆ మబ్బు పోనీ."
బయట ఆధార్ కాయితాలతో ఇద్దరు
గొణుక్కుంటా ఉండారు.

కాచుకోనుండగా ఈ కథంతా ఆయనే చెప్పినాడు.
అప్పుడన్నా నేను, నాకాడ ఉండాయి మామా అని.
"ఎన్ని?"
"నాలుగు."
పెదాలు కదిలినాయి, ఏదో లెక్క.
"సెకనులో ఆరో వంతు."
కొంచేపయినాక,
"తెల్లంగానే ఉండాదా?"
"లేదు. ఎర్రబడింది."
మామ కెమెరాలోకి వంగినాడు.
"ఫిల్మంతా అంతే, ముసిలిదయితే ఎర్రబడతాది.
పోనీలే. నేనింకో పది నిమిషాలు
ఆగి తీసుంటే అట్టనే ఉండేది."

మబ్బు పోయింది.
"రెప్ప కొట్టాకు," అన్నాడు.