పనికిరాని ఫైలు

మన్ననూరు చెక్‌పోస్టు దాటినంక
నా పని వినుడే.
చెవులకు హెడ్‌ఫోన్లు, కట్టె కొసకు మైకు.
దాని బొచ్చు తొడుగు చూసి
పెంటల కుక్కలు మూడొద్దులు మొరిగినయి.

గారెల మైసమ్మ రాయి ముందట
తోకల ఈదమ్మ గొంతుక్కూసుంది.
పూలు పోసింది, పసుపు రాసింది,
ఇగ షురూ చేసింది:
"కండ్లు పోయినయా నీకు?
తేనెకు దిగిన నా మొగని తాడు జారంగ
యాడ పన్నవే, నిద్రమొఖందానా!"
పదకొండు నిమిషాలు.
నడుమల దగ్గు, ఒకపారి ముక్కు చీదుడు,
యాడనో దూరంగ నెమలి.

ఎడిటింగ్ గదిల దానికి పిల్లనగ్రోవి పెట్టినం.
"అడవితల్లికి ఆదివాసి ప్రార్థన" అని
మెత్తటి గొంతొకటి చెప్పింది.
అసలు ఫైలు మీద నేనే రాసిన:
శబ్దం బాలేదు, పనికిరాదు.

ఎండకాలం మల్ల పోయి
రెండు నల్లమద్దుల నడుమ దుప్పటి కట్టి సినిమా ఏసినం.
అందరు మంచిగ చూసిన్రు.
ఈదమ్మ ఒక్కతే లేచి
దుప్పటెనుకకు పోయి ఎతికొచ్చింది.
"నా తిట్లేవి బిడ్డా?
ఆమెకు నేను పెట్టింది గవే గద.
పూలు చెట్టుయి, పసుపు అంగడిది."

హార్డ్‌డిస్క్ తీసిన.
చీకట్ల, బొమ్మ లేకుంట, పదకొండు నిమిషాలు.
పోరగాండ్లు నవ్విన్రు.
తాడు మాట కాడ ఆమె తమ్ముడు లేచి
అవుతలికి పోయిండు.
నెమలి కాడ ఎవరో "అగో" అన్నరు.

అయిపోంగనే మైకు దగ్గరికి గుంజుకుంది,
"ఒకటి మరిచిన, రాస్కో" అని
గొంతు సవరించుకుంది.