చేటెడు తవుడు

ముందు పుట్టిన ముగ్గురూ నిలవలేదు.
నాలుగోవాణ్ణి పురిట్లోనే
పక్కింటివాళ్ళ చేతుల్లో పెట్టేసి
చేటెడు తవుడు పోసి
మళ్ళీ కొనుక్కుంది వాళ్ళమ్మ.
తవుడు ఖరీదు చేసేవాణ్ణి
చావు మాత్రం ఏం చేసుకుంటుంది?
కెల్ల తవుడు.
ఆ పేరే వాడికి మొదటి డిఫెన్సు.

నెల్లిమర్ల జూటుమిల్లు జట్టుకి స్టాపర్ బ్యాకు.
బి షిఫ్టు దిగి
కనుబొమల మీద నార ధూళితో
అలాగే గ్రౌండుకొచ్చేవాడు,
ఇరవై ఏళ్ళకే నెరిసినట్టు.
చీలమండకి గోనె పురికొస చుట్టుకునేవాడు.
మిల్లువాళ్ళిచ్చిన బూట్లు
చంపావతి ఇసకలో ఓ పూట తొడిగి చూసి
"కాలికి కళ్ళు మూసేసినట్టుంది" అని
తమ్ముడికిచ్చేశాడు.

నేను బొబ్బిలి జట్టు. ఫార్వర్డుని.
పదకొండు మ్యాచులాడాను వాడి మీద.
సిగ్గు విడిచి చెప్తున్నాను,
పదింటిలో నేను వాణ్ణి దాటింది
ఆట అయిపోయాక
సోడాబండి దగ్గరికి పరిగెత్తేటప్పుడే.

వాడు పరిగెత్తేవాడు కాదు.
సన్యాసిరాజు మాస్టారు గట్టు మీంచి మొత్తుకునేవారు:
"వాడు కదలడ్రా, నువ్వే పోయి గుద్దుకుంటున్నావు!"
నిజమే.
నేను ఎటు పోదామనుకుంటే
అటు ముందే వచ్చి
పాసింజరు కోసం కాచుకున్నవాడిలా
ఎటో చూస్తూ నిలబడి ఉండేవాడు.
ఒక మోచెయ్యి, ఒక మోకాలు,
"ఏటా తొందర, గుంటడా" అని ఓ మాట.
బంతి అప్పటికే మిల్లు గోడ అవతల.

గోలు కొట్టినవాడి పేరు
మర్నాడు జిల్లా పేజీలో పడేది.
కాకుండా పోయిన గోళ్ళు ఎన్నో
ఏ పేపరు లెక్క రాస్తుంది?

ఖరగ్‌పూర్ రైల్వే నుంచి ఓసారి కార్డొచ్చింది.
ట్రంకుపెట్టెతో వెళ్ళి
నాలుగోనాడు దిగిపోయాడు.
అమ్మతో నీళ్ళు పడలేదన్నాడు,
మేస్త్రీతో హిందీ పడలేదన్నాడు,
నాతో మాత్రం
"ఆళ్ళ గ్రౌండు మరీ మెత్తనరా.
పడితే దెబ్బే తగల్లేదు.
నాకేటోలా ఉండిపోనాది."

పదకొండో మ్యాచి.
విజయనగరం అయోధ్యా మైదానం, దసరా కప్పు ఫైనలు.
ఆఖరి రెండు నిముషాలు, సన్నటి జల్లు.
కార్నరు కిక్కు గాల్లో వంపు తిరిగి
నా చేతికి తగిలి,
అవును, చేతికే, మణికట్టు పైన,
వాడి మోకాటిచిప్ప మీంచి
వాళ్ళ వలలోకే పోయింది.
రిఫరీ ఈల ఊదాడు.
పద్నాలుగేళ్ళ ఆటలో
తవుడు పేరున రాసిన ఒకే ఒక్క గోలు.

కప్పు మా ఇంట్లోనే ఉంది.
మా ఆవిడ చింతపండేసి తోముతుంది.

తర్వాత మిల్లుకి తాళాలు.
గ్యాసు గోడౌను గేటు దగ్గర తవుడుకో స్టూలు.
ఇప్పటికీ ఎవణ్ణీ లోపలికి రానివ్వడని
లారీ డ్రైవర్ల నవ్వు.

మొన్న వెళ్ళాను,
ముప్ఫై తొమ్మిదేళ్ళ మాట నోట్లో పెట్టుకుని.
రెండో టీ చల్లారేదాకా పెగల్లేదు.
"ఆ బంతి..." అన్నాను.
మోకాలు రుద్దుకుంటూ, ఎటో చూస్తూ
"సూసినాన్రా" అన్నాడు.
"చెయ్యి చూశావా?"
"సేతిదేటుంది. నీ మొకం సూసినాను.
ఈడీ రేతిరి అన్నం తినడు అనుకున్నాను.
తిన్నావేటి?"

తిన్నాను.
ఆ రాత్రి క్లబ్బులో కోడికూర.
రెండుసార్లు వడ్డించుకున్నాను.
ఆ సంగతి మాత్రం చెప్పలేకపోయాను.

చీకటి పడుతోందని స్కూటరు తీసి
ఎడమకి తిప్పబోతే
అక్కడ ఉన్నాడు.
ఆ వంకర మోకాలితో ఎప్పుడు లేచాడో,
వెనక స్టూలు ఖాళీ.
హ్యాండిలు మీద చెయ్యేసి
"నువ్వెప్పుడూ ఎడమేపే గదా" అన్నాడు,
"అటు పైపులకి గొయ్యి తవ్వినారు.
కుడేపు పో."