లోపలి గడియ

ఆటోనగర్ మూడో క్రాసు,
సుభానీ టీకొట్టు టీవీలో
సాయంత్రం నాలుగున్నరకి లేచి నిలబడేవాడు
తాటిచెట్టంత ఇనప మనిషి.
జపాను పెదాలు ఒకటి అనేవి,
హిందీలో ఇంకోటి వినపడేది.
మాకేం ఇబ్బంది?
రేకు మీద రేకు పడితే
ఏ దేశంలోనైనా అదే చప్పుడు.

మేస్త్రీలూ వచ్చి నిలబడేవారు,
చేతిలో టీ చల్లారిపోతూ.
"ఆ మోకాలు చూడరా, అలా తిరిగితే బోల్టు ఆగుద్దా?"
లేతు బుచ్చిబాబు గొణుగుడు.
మర్నాడు మళ్ళీ అందరికంటే ముందు ఆయనే.

మేం చూసింది మోకాలు కాదు.
వాడి ఛాతీ తలుపు తెరుచుకుని
మా ఈడు కుర్రాడొకడు లోపలికి దిగేవాడు.
వాడికి భయం. ప్రతి బుధవారం భయమే.
వాడు దిగకపోతే
అంత ఇనుమూ ఉత్త తుక్కు.

అది నాకొకరు చెప్పక్కర్లేదు.
పన్నెండేళ్ళకి నా పని
ఆయిల్ ట్యాంకరు మూతలోంచి దూరి
బయట మేస్త్రీ కొట్టే రివెట్టుకి
లోపల దిమ్మ ఆనించడం.
పెద్దాళ్ళు పట్టరు అందులో.
రోహిణి కార్తె. పాత డీజిలు కంపు.
దెబ్బదెబ్బకీ దవడలు జిల్లుమనేవి.
"ఉన్నావంట్రా?" పైనుంచి కేక.
ఉన్నానని రెండుసార్లు గుద్దేవాణ్ణి.
ఆ చీకట్లో ఎంతమంది రాక్షసుల్ని చంపానో,
బెజవాడని ఎన్నిసార్లు కాపాడానో
బెంజి సర్కిల్లో ఒక్కడికీ తెలీదు.

తర్వాత బ్రష్షు పట్టాను.
చిలకలూరిపేట లారీ ఒకటి
వెనక దిష్టిబొమ్మ వెయ్యమంటే
కోరలూ నాలుకా మానేసి
వాణ్ణి నిలువెత్తున దింపాను.
పసుపు కళ్ళు, కొమ్ముల టోపీ.
ఆ లారీ ఏడాదిపాటు బోల్తా పడలేదు. అంతే,
గుంటూరు యార్డుకి మిర్చి తోలే ప్రతివాడూ
"నాకా జపానోణ్ణే వెయ్యి, యేసుపాదం!"
నిమ్మకాయలూ పాతచెప్పూ ఇప్పుడు వాడి మెడలోనే.
టిక్కీలు దించే హమాలీలు
ఘాటుకి తుమ్ముతూ తుమ్ముతూ
ముందు వాడికో దణ్ణం పెడతారట.
సముద్రాలవతల వాణ్ణి మొదట గీసినోడు
వింటే ఏమంటాడో.

నేను మాత్రం ఒకటి కలుపుతాను,
దానికి డబ్బులడగను.
ఛాతీ మీద బెత్తెడు తలుపు.
గడియ లోపలివైపు.

"లోపలున్నది బయటికెట్టా కనపడుద్దయ్యా?"
నవ్వుతారు డ్రైవర్లు.

అందుకే
కాస్త తెరిచి వేస్తాను.
గాలాడాలి కదా.